ఒకే పాట, ఎన్నో రికార్డులు: 'ఆటమ్ లీవ్స్' చరిత్రను విశాఖలో కూర్చుని వినే పద్ధతి

జాజ్ వాళ్ళు 'స్టాండర్డ్' అనేది అందరికీ కంఠతా వచ్చిన పాటని. ముందెప్పుడూ కలిసి వాయించని నలుగురు వేదికెక్కి, పాట పేరూ కీ (ఏ శ్రుతిలో వాయించాలో) చెప్పుకుని, ఒకటి రెండు మూడు నాలుగు అని లెక్కపెట్టి మొదలుపెట్టేయగలిగేది అలాంటి పాటలతోనే. కొత్తగా వినేవాళ్ళకు వాటిలో అన్నిటికన్నా త్వరగా పట్టు చిక్కేది 'ఆటమ్ లీవ్స్'. ఫ్రాన్సులో పుట్టింది, అమెరికా వెళ్ళి ఇంగ్లిషు మాటలు తొడుక్కుంది, ఆ తర్వాత మాటల అవసరమే లేకుండా వాయిద్యాల మీద బతికింది. 1940ల చివరి నుంచి ఇప్పటిదాకా రికార్డవుతూనే ఉంది.

అయితే దొరికిన రికార్డులన్నీ వరసబెట్టి వినేస్తే చరిత్ర తెలియదు. పది వర్షన్లు అయ్యేసరికి అన్నీ ఒకేలా అనిపిస్తాయి, లేదంటే దేనికీ దేనికీ పొంతన లేనట్టు అనిపిస్తాయి. పాటలో ఏది మారదో ముందు చేతికెక్కాలి. అప్పుడే ఎవరు ఏం మార్చారో, ఏం వదిలేశారో చెవికి తగులుతుంది. ఇక్కడ చెప్పే పద్ధతంతా దీని మీదే నడుస్తుంది. కళాభారతిలోనో గురజాడ కళాక్షేత్రంలోనో కచేరీ వింటూ తొడ మీద తాళం వేసే అలవాటున్నవాళ్ళకు సగం పని ముందే అయిపోయినట్టు.

గది, సామాను

ఈ పనికి ఖరీదైన సిస్టమ్ అక్కర్లేదు గాని, బాస్ వినబడటం తప్పనిసరి. జాజ్‌లో పాట ఎక్కడుందో చెప్పేది డబుల్ బాస్, నిలబెట్టి వాయించే పెద్ద ఫిడేలు లాంటి వాయిద్యం. దాని అడుగు తీగ దాదాపు 41 హెర్ట్జ్ దగ్గర పలుకుతుంది. ఫోన్ స్పీకర్ అంత కిందికి దిగనే దిగదు. ఫోన్ స్పీకర్‌లో విన్నవాళ్ళకు సోలో మధ్యలో దారి తప్పడానికి ముఖ్య కారణం ఇదే. ఒక్కరే వింటుంటే వైరున్న ఇయర్‌ఫోన్లు చాలు. నలుగురైదుగురు కలిసి వింటుంటే కనీసం ఐదంగుళాల వూఫర్ ఉన్న జత స్పీకర్లు పెట్టుకోండి. వాటిని గోడకి ఆనించకుండా ఒక అడుగు ముందుకు జరపండి. రెండు స్పీకర్ల మధ్య ఎంత దూరముందో, వాటి నుంచి కూర్చునే చోటికీ అంతే దూరం ఉంటే బాస్ ఎటు, పియానో ఎటు అన్నది స్పష్టంగా తెలుస్తుంది.

విశాఖలో రెండు ఇబ్బందులు ప్రత్యేకంగా ఉన్నాయి. ఒకటి చప్పుడు. జాజ్ డ్రమ్మర్లు నెమ్మది పాటల్లో కర్రలకు బదులు తీగల బ్రష్‌లు వాడతారు. ఆ సన్నటి రాపిడి చప్పుడూ, సీలింగ్ ఫ్యాన్ గాలి చప్పుడూ, సముద్రం హోరూ చెవికి ఒకే జాతివి. ఫ్యాన్ మూడు మీద తిరుగుతుంటే బ్రష్‌లు ఉన్నాయన్న సంగతే తెలియదు. బీచ్ రోడ్డు వైపు కిటికీలున్న ఫ్లాట్‌లో, లాసన్స్ బే కాలనీ లాంటి చోట, కిటికీలు వేసి వినండి. ఫ్యాన్ ఆపి గంటసేపు కూర్చోగలిగే డిసెంబరు, జనవరి, ఫిబ్రవరి నెలలే ఈ పనికి మంచి రోజులు.

రెండోది కరెంటు. అక్టోబరు, నవంబరుల్లో తుపాను పట్టినప్పుడు నెట్టూ కరెంటూ రెండూ పోతాయి కాబట్టి రికార్డింగులన్నీ ముందే డౌన్‌లోడ్ చేసి పెట్టుకోండి. ఇన్వర్టర్ ఉందిలే అనుకుని యాంప్లిఫయర్‌ని దాని మీద నడిపితే, చవకరకం స్క్వేర్ వేవ్ ఇన్వర్టర్ స్పీకర్లలో బుర్రుమని రొద పెడుతుంది. ప్యూర్ సైన్ వేవ్ ఇన్వర్టర్ లేకపోతే ఆ పూట ఫోనూ ఇయర్‌ఫోన్లతో కానివ్వడం మేలు.

ఒక సాయంత్రానికి మూడు రికార్డింగులకు మించి పెట్టుకోవద్దు. ఒక్కోదాన్ని రెండుసార్లు వినాలి. మొదటిసారి ఊరికే, రెండోసారి తాళం వేస్తూ, రాసుకుంటూ. నాలుగోది మొదలుపెట్టారంటే మొదటిదాంట్లో ఏం విన్నారో మరిచిపోతారు.

తాళం పట్టుకోవడం

ఈ పాట 32 బార్లు. బారుకి నాలుగు దెబ్బలు, మొత్తం 128. మన ఆదితాళం ఆవర్తనానికి ఎనిమిది కాబట్టి రెండు బార్లు ఒక ఆవర్తనం అవుతుంది. లఘువు ఒక బారు, రెండు ద్రుతాలు కలిపి ఇంకో బారు. పాట ఒక చుట్టు పూర్తవడానికి పదహారు ఆవర్తనాలు. ఈ చుట్టునే జాజ్ వాళ్ళు 'కోరస్' అంటారు. ట్యూన్‌ని మొదటిసారి ఉన్నదున్నట్టు వినిపించే చుట్టుని 'హెడ్' అంటారు. హెడ్ అయ్యాక సోలోలు వస్తాయి, వాటి కింద ఆ పదహారు ఆవర్తనాలే మళ్ళీమళ్ళీ తిరుగుతుంటాయి. సోలో ఎంత దూరం వెళ్ళినా చుట్టు కొలత మారదు.

ట్యూన్ అతీత ఎత్తుగడలో మొదలవుతుంది. ఆదితాళంలో ఆరు, ఏడు, ఎనిమిది, అంటే విసురు, దెబ్బ, విసురు మీద మూడు చిన్న స్వరాలు వచ్చి, సమం మీద పొడుగు స్వరం పడుతుంది. తర్వాతి ఆవర్తనంలోనూ అదే కథ. మూడు మెట్లెక్కడం, సమం మీద గెంతి ఆగడం. కొత్తవాళ్ళు నూటికి తొంభైమంది ఆ మొదటి చిన్న స్వరాన్నే సమం అనుకుని తాళం ఎత్తుకుంటారు. అలా ఎత్తుకుంటే మొదటి ఆవర్తనం నుంచే మూడు దెబ్బలు ముందుంటారు, పాట చివరిదాకా ఏదో తేడాగా ఉందనిపిస్తూనే ఉంటుంది. మందు ఒకటే. పొడుగు స్వరం వచ్చేదాకా చెయ్యి ఎత్తకండి.

ఇంకో చిక్కు సింబల్ దెబ్బది. జాజ్ డ్రమ్మర్ ఎడమ కాలితో నొక్కే జోడు తాళాలు, హై-హ్యాట్, రెండో దెబ్బ మీదా నాలుగో దెబ్బ మీదా మోగుతాయి. మన చెవి గట్టిగా వినబడ్డదాన్ని సమం అనుకుంటుంది, అక్కడే తలకిందులవుతుంది. లఘువులో చిటికెన వేలు, మధ్య వేలు లెక్కపెట్టే చోట ఆ చప్పుడు వస్తుంటే మీ తాళం సరిగ్గా ఉన్నట్టు.

దెబ్బకి రెండు స్వరాలు పడేచోట అవి సమానంగా ఉండవు. మొదటిది పొడుగు, రెండోది పొట్టి. మధ్యమ వేగంలో వింటే తిస్ర గతిలో 'తకిట'లోని మధ్య అక్షరం మింగేసినట్టుంటుంది. వేగం పెరిగేకొద్దీ ఆ తేడా తగ్గి దాదాపు సమానమవుతుంది. దీన్నే 'స్వింగ్' అంటారు. కొలిచి రాసుకోవాల్సిన పని లేదు, కానీ ఏ రికార్డులో ఎంత వంకర ఉందో గమనిస్తే కాలం తెలుస్తుంది.

వేగం కొలవడం సులువు. పదిహేను సెకన్లలో ఎన్ని దెబ్బలు పడ్డాయో లెక్కపెట్టి నాలుగుతో గుణించండి. 128ని ఆ వేగంతో భాగించి 60తో గుణిస్తే ఒక కోరస్‌కి ఎన్ని సెకన్లో వస్తుంది. నిమిషానికి 160 దెబ్బల వేగమైతే 48 సెకన్లు, 128 అయితే సరిగ్గా నిమిషం. ఆరు నిమిషాల రికార్డు 160 వేగంలో ఉంటే ఏడున్నర కోరస్‌లు. మొదట్లో వచ్చే ఉపోద్ఘాతం, చివరి ముగింపు తీసేస్తే ఏడు ఉండాలి. మీ చేతి లెక్క ఆరో ఎనిమిదో వచ్చిందంటే ఎక్కడో జారారు. సాధారణంగా జారేది డ్రమ్ సోలోలోనో, బాస్ సోలోలోనో.

స్వరం వైపు నుంచి

శ్రుతి పెట్టె యాప్ తెరవండి. జాజ్ వాళ్ళు ఈ పాటను ఎక్కువగా జి మైనర్లో వాయిస్తారు, అంటే మన ఐదు శ్రుతి. విద్యార్థులు వాడే అచ్చు నొటేషన్లలో ఇ మైనర్ కూడా కనిపిస్తుంది, అది మూడు శ్రుతి. గాయకులు తమ గొంతుకి తగ్గట్టు మార్చుకుంటారు. ఏ శ్రుతో తెలియకపోతే హెడ్‌లో నాలుగో ఆవర్తనం దాకా ఆగండి. ఏడో బారులో బాస్ వచ్చి కూర్చునే స్వరమే షడ్జం. అది దొరకగానే యాప్ ఆపేయండి. కింద కార్డులు (ఒకేసారి కలిసి మోగే స్వరాల గుంపులు) మారుతున్నప్పుడు షడ్జ పంచమాలు అదేపనిగా మోగుతుంటే కొన్ని చోట్ల చెవికి గుచ్చుకుంటుంది, పైగా బాస్‌ని కప్పేస్తుంది.

ఇప్పుడు మొదటి ఎనిమిది బార్ల ట్యూన్ పాడుకోండి. స రి గ, సమం మీద ధ. మంద్రం నుంచి ని స రి, సమం మీద ప. ధ ని స, సమం మీద మ. ప ధ ని, సమం మీద గ. పొడుగు స్వరాలు మాత్రం తీసుకుంటే ధ, ప, మ, గ అని ఒక్కో మెట్టు దిగుతూ వస్తాయి. మొదటి మూడు పాదాలు నఠభైరవి స్వరాలు. నాలుగో పాదంలో ధైవతం చతుశ్రుతి, నిషాదం కాకలి అయిపోతాయి, అంటే గౌరీమనోహరి స్వరాలు. ఒకే చరణంలో ధైవతం ఇలా రెండు రూపాలు మార్చడమే ఈ ట్యూన్‌కి ఉన్న ఆ చిన్న చేదు రుచికి కారణమని మా నమ్మకం. ఆంధ్రా యూనివర్సిటీ సంగీత శాఖలోనో విజయనగరం సంగీత కళాశాలలోనో నేర్చుకున్నవాళ్ళు దీన్ని మొదటి వినికిడికే పట్టేస్తారు. కాకపోతే వాళ్ళకో జాగ్రత్త. ఇక్కడ గమకం వేయకండి. ప్రతి పొడుగు స్వరమూ కింద మోగే కార్డుకి సరిగ్గా మూడో స్వరం. అది కదిలితే కార్డు మేజరా మైనరా, అంటే వెలుతురుగా ఉందా దిగులుగా ఉందా అన్నదే చెదిరిపోతుంది.

ఇక అడుగున బాస్ నడిచే దారి. ఒక్కో బారుకి ఒకటి చొప్పున మ, ని, గ, ధ, రి, ప, స. ప్రతిదీ దాని ముందుదానికి నాలుగో స్వరం. ఈ ఏడింటిలో మొదటి మూడూ వెలుతురు వైపు, అంటే మేజర్ ఇంటికి తీసుకెళ్తాయి. చివరి మూడూ మైనర్ ఇంటికి. రెండో ఎనిమిది బార్లూ ఇదే. మూడో ఎనిమిదిలో వరస తిరగబడుతుంది. ముందు రి ప స, తర్వాత మ ని గ. చివరి ఎనిమిది బార్లలో చాలా రికార్డుల్లో పద్నాలుగో ఆవర్తనం దగ్గర బాస్ షడ్జం నుంచి అర స్వరం చొప్పున జారుతూ ధైవతానికి దిగుతుంది. దీన్ని గుర్తు పెట్టుకోండి. సోలోల మధ్య దారి తప్పినప్పుడు మళ్ళీ ఎక్కడానికి ఇదే మైలురాయి. ఇది వినబడిందంటే ఇంకో రెండు ఆవర్తనాల్లో కొత్త కోరస్ మొదలవబోతోంది.

హెడ్ పాడుతూ తాళం, ఆ తర్వాత ట్యూన్ వదిలేసి మ-ని-గ-ధ-రి-ప-స మాత్రమే పాడుతూ తాళం. ఈ రెండూ తడుముకోకుండా వచ్చేదాకా రికార్డుల జోలికి వెళ్ళవద్దు. మామూలుగా రెండు మూడు సాయంత్రాలు పడుతుంది.

రికార్డింగులు, ఏ వరసలో

మూలం నుంచి మొదలుపెట్టండి. సంగీతం జోసెఫ్ కోస్మాది. బుడాపెస్ట్‌లో 1905లో పుట్టి 1933లో పారిస్ చేరినవాడు. 1945లో రోలాఁ పెతీ బాలే కోసం ఈ ట్యూన్ కట్టాడు. దానికి కవి జాక్ ప్రెవేర్ మాటలు రాశాడు. 1946లో మార్సెల్ కార్నే తీసిన సినిమాలో పాట వినిపించింది, ఆ సినిమా ఆడలేదు, పాట మిగిలింది. ఈవ్ మోంటాన్ పాడిన రికార్డు వినండి. వినగానే కంగారు పుడుతుంది, ఎందుకంటే మనం నేర్చుకున్న ట్యూన్ ఎంతసేపటికీ రాదు. ఫ్రెంచ్ పాటలో ముందు మాట్లాడుతున్నట్టు సాగే పొడుగాటి భాగం ఒకటుంది. అది అయ్యాకే స-రి-గ-ధ వస్తుంది. జాజ్ వాళ్ళు ఉంచుకున్నది ఆ రెండో భాగాన్నే. మొదటి భాగానికి తాళం వేయకుండా ఊరికే వినండి.

1950లో జానీ మెర్సర్ ఇంగ్లిషు మాటలతో జో స్టాఫర్డ్ పాడింది. ఆ మొదటి భాగం ఎగిరిపోయి పాట అచ్చంగా 32 బార్లకు కుదించుకుపోవడం ఇక్కడ స్పష్టంగా తెలుస్తుంది. 1955లో రోజర్ విలియమ్స్ పియానో వర్షన్ అమెరికా బిల్‌బోర్డ్ పట్టికలో మొదటి స్థానానికి వెళ్ళింది. ఆకులు రాలుతున్నట్టు పైనుంచి కిందికి జలజలా జారే స్వరాలు దాని ప్రత్యేకత. జాజ్ అభిమానులు దాన్ని చిన్నచూపు చూస్తారు. మీరు మాత్రం వదిలేయవద్దు. ఈ ట్యూన్ అమెరికాలో ఇంటింటికీ చేరిన దారుల్లో అదొకటి, పైగా హెడ్ ఎంత నీట్‌గా వాయిస్తాడో చూస్తే తాళం సరిచూసుకోవడానికి బాగా పనికొస్తుంది. 1956లో ఇదే పేరుతో వచ్చిన సినిమాకి నాట్ కింగ్ కోల్, 1957లో తన 'వేర్ ఆర్ యూ?' ఆల్బమ్‌లో ఫ్రాంక్ సినాట్రా పాడారు. ఇద్దరిలో ఒకరిని వింటే చాలు.

1955లోనే ఇంకో రెండున్నాయి, ఇవి తప్పనిసరి. సెప్టెంబరు 19న కాలిఫోర్నియా సముద్రతీరంలోని కార్మెల్‌లో పియానిస్ట్ ఎరోల్ గార్నర్ చేసిన కచేరీ 'కాన్సర్ట్ బై ద సీ'గా వచ్చింది. రికార్డింగ్ నాసి, బాస్ సరిగ్గా వినబడదు. మీ స్పీకర్లదే లోపమేమో అని వైర్లు పీకకండి, అది అలాగే ఉంటుంది. గార్నర్ ఎడమ చెయ్యి వింటూ తాళం వేయండి. కుడి చెయ్యి దానికన్నా ఒక వెంట్రుకవాసి వెనక నడుస్తుంది, కానీ ఎక్కడా తాళం చెడదు. రెండోది అహ్మద్ జమాల్ ట్రయో, అంటే ముగ్గురి బృందం. డ్రమ్స్ లేవు, పియానో, గిటార్, బాస్ మాత్రమే. గిటారిస్ట్ రే క్రాఫర్డ్ తీగల మీద కొడుతూ బొంగో డ్రమ్ములాంటి చప్పుడు తీస్తాడు. ట్యూన్ మొదలవకముందు ఒక చిన్న ముక్కను పదే పదే తిప్పుతారు. ఆ ముక్కను బాగా చెవిన వేసుకోండి.

ఎందుకంటే తర్వాత వినేది క్యానన్‌బాల్ యాడర్లీ 'సమ్‌థిన్ ఎల్స్'. 1958 మార్చి 9, న్యూజెర్సీలోని హ్యాకెన్‌సాక్‌లో రూడీ వాన్ గెల్డర్ స్టూడియో. ఆల్టో సాక్సోఫోన్ యాడర్లీ, ట్రంపెట్ మైల్స్ డేవిస్, పియానో హ్యాంక్ జోన్స్, బాస్ సామ్ జోన్స్, డ్రమ్స్ ఆర్ట్ బ్లేకీ. పదకొండు నిమిషాలకు దగ్గరగా ఉంటుంది. మైల్స్‌కి జమాల్ అంటే ఎంత గురో ఆ ఉపోద్ఘాతం వింటేనే తెలుస్తుంది. ఆ తిప్పుడు ముక్కకి తాళం వేయొచ్చు గాని ఆవర్తనాలు లెక్కపెట్టకండి, అది 32 బార్లలో లేదు. మైల్స్ మ్యూట్ (చప్పుడు తగ్గించే బిరడా) పెట్టిన ట్రంపెట్‌తో స-రి-గ-ధ ఎత్తుకున్నప్పుడు, ధైవతం పడ్డ సమం దగ్గర ఒకటో ఆవర్తనం మొదలు. సోలోల వరస యాడర్లీ, మైల్స్, హ్యాంక్ జోన్స్. ఆ తర్వాత మళ్ళీ మైల్స్ ట్యూన్.

ఈ ఒక్క రికార్డు మీద ఒక సాయంత్రమంతా పెట్టండి. యాడర్లీ మొదటి కోరస్, మైల్స్ మొదటి కోరస్ పక్కపక్కన పెట్టి వినండి. యాడర్లీ దెబ్బకి రెండేసి, మూడేసి స్వరాలతో పదహారు ఆవర్తనాలూ నింపేస్తాడు. మైల్స్ అదే స్థలంలో ఎన్ని దెబ్బలు మౌనంగా వదిలేశాడో వేళ్ళ మీద లెక్కపెట్టి కాగితం మీద గీతలు పెట్టుకోండి. ట్యూన్‌లో పొడుగు స్వరం పట్టే చోట్లకీ, అతను ఆగే చోట్లకీ సంబంధం కనబడుతుంది. ఈ పాట మీద చేసిన రికార్డుల్లో దీన్ని మించింది లేదని మా అభిప్రాయం. మైల్స్ పేరుతో వచ్చిన సంకలనాల్లోనూ ఇదే రికార్డింగ్ దొరుకుతుంది. వేరేదనుకుని రెండుసార్లు రాసుకోవద్దు.

మరుసటి ఏడాది డిసెంబరు 28న బిల్ ఎవాన్స్ ట్రయో, 'పోర్ట్రెయిట్ ఇన్ జాజ్'. బాస్ స్కాట్ లఫారో, డ్రమ్స్ పాల్ మోషన్. రెండు టేకులున్నాయి, ఒకటి స్టీరియో, ఒకటి మోనో. రెండూ వినాలి. హెడ్ అవగానే బాస్ నడక ఆగిపోతుంది. పియానో ఒక మాటంటే బాస్ ఇంకో మాట, మధ్యలో డ్రమ్స్. తాళం బయటికి కొట్టేవాళ్ళెవరూ ఉండరు, ముగ్గురూ లోపలే పెట్టుకుంటారు. ఈ చోట మీ చెయ్యి ఆపకుండా వేస్తూనే ఉండండి, పెదవులతో మ-ని-గ-ధ అనుకుంటూ. బాస్ మళ్ళీ నడక అందుకునే క్షణంలో మీరు సమం మీద ఉన్నారా? ఉంటే ఈ పాట మీకు వచ్చేసినట్టే. లేకపోతే ముప్పై సెకన్లు వెనక్కి జరిపి మళ్ళీ పట్టుకోండి. సంభాషణ ఎన్ని కోరస్‌లు నడిచిందో రెండు టేకుల్లోనూ విడివిడిగా రాసుకోండి.

ఆ తర్వాతవి కాస్త వేగంగా దాటేయొచ్చు. 1963 జులైలో ఫ్రాన్సులోని ఆంటీబ్ ఉత్సవంలో మైల్స్ మళ్ళీ ఇదే పాట, 'మైల్స్ డేవిస్ ఇన్ యూరప్'. డ్రమ్స్ మీద టోనీ విలియమ్స్, అప్పటికి పదిహేడేళ్ళవాడు. 1958 నాటి మర్యాద ఇందులో లేదు, వేగం మధ్యలోనే మారుతున్నట్టు అనిపించే చోట్లున్నాయి. 1964 సెప్టెంబరులో బెర్లిన్‌లోనూ వాయించారు, అక్కడ సాక్సోఫోన్ వేన్ షార్టర్ది. 1974లో చెట్ బేకర్ 'షి వాజ్ టూ గుడ్ టు మీ'లో పాల్ డెస్మండ్ ఆల్టో కోసం వినండి.

1982లో సారా వాన్ 'క్రేజీ అండ్ మిక్స్‌డ్ అప్' దగ్గర ఆగాలి. ఆమె మాటలూ పాడదు, ట్యూనూ పాడదు. మొదటి నుంచీ కల్పన స్వరాలే, అర్థం లేని అక్షరాలతో. పేరు చూడకుండా వింటే ఏ పాటో చెప్పలేరు. ఇక్కడ మీరు నేర్చుకున్న బాస్ దారి అక్కరకొస్తుంది. ఆమె శ్రుతి పట్టుకుని కింద మ-ని-గ-ధ-రి-ప-స పాడి చూడండి, చక్కగా అమరుతుంది. ట్యూన్ పూర్తిగా తీసేసినా పాట నిలబడిందంటే పాట ఎక్కడుందో ఇంతకన్నా బాగా చెప్పే రికార్డు లేదు.

1986లో రికార్డు చేసి 1987లో విడుదలైన వింటన్ మార్సాలిస్ 'స్టాండర్డ్ టైమ్' మొదటి సంపుటి మన తాళం పిచ్చివాళ్ళకు పండగ. డ్రమ్మర్ జెఫ్ వాట్స్ ఆలోచన. హెడ్‌లో మొదటి బారుకి ఒక దెబ్బ, రెండోదానికి రెండు, మూడోదానికి మూడు, అలా ఎనిమిదో బారుకి ఎనిమిది. బారు పొడుగు మాత్రం అదే. అంటే నాలుగు అక్షరాల కాలంలోనే ఐదో బారులో ఖండం, ఏడో బారులో మిశ్రం. వాళ్ళతోపాటు చెయ్యి పెంచుకుంటూ పోతే కుప్పకూలిపోతారు. చెయ్యి ఆదితాళం మీదే ఉంచి, 'తకతకిట', 'తకిటతకధిమి' నోటితో అనండి.

ఆఖరున ఓపికను బట్టి కీత్ జారెట్ ట్రయో. 1986 మ్యూనిక్ కచేరీ 'స్టిల్ లైవ్'లో ఒకటి, 1994లో న్యూయార్క్ బ్లూ నోట్ క్లబ్బులో 26 నిమిషాల పైచిలుకు ఇంకొకటి. గాత్రం ఇష్టపడేవాళ్ళు 1996లో ఇవా క్యాసిడీ బ్లూస్ ఆలీ కచేరీలో పాడినది వినొచ్చు.

రాసుకునేటప్పుడు జరిగే పొరపాట్లు

ఒక్కో రికార్డుకి ఒక పేజీ. రికార్డు చేసిన తేదీ, ఊరు, ఎవరు ఏం వాయించారు, కీ, వేగం, ఉపోద్ఘాతం ఉందా, హెడ్ ఎవరిది, ఎవరికెన్ని కోరస్‌లు, ముగింపు ఎలా. తేదీ దగ్గరే అందరూ బోల్తా పడతారు. స్ట్రీమింగ్ యాప్‌లు చూపించే సంవత్సరం చాలాసార్లు సీడీ మళ్ళీ విడుదల చేసిన సంవత్సరం. 1958 నాటి ఆల్బమ్ కింద 1999 అని ఉంటుంది. దాన్ని నమ్మి వరస పెడితే గురువు కన్నా ముందు శిష్యుడు వస్తాడు. విడుదల తేదీ కాదు, స్టూడియోలో కూర్చున్న తేదీ కావాలి. అది ఆల్బమ్ వెనక అట్ట మీదో, లోపలి బుక్‌లెట్‌లోనో ఉంటుంది. సీడీ లేకపోతే ఆ అట్టల ఫొటోలు నెట్‌లో వెతకండి.

ఇదే పేరుతో సంబంధం లేని వేరే పాటలూ ఉన్నాయి. రచయితల వరసలో కోస్మా పేరుంటేనే మనది. ఫ్రెంచ్ పేరు 'Les Feuilles mortes'తోనూ విడిగా వెతకాలి, లేకపోతే పాత గాత్ర రికార్డులు సగం దొరకవు.

వేగం తప్పిన కాపీలతో ఇంకో ప్రమాదం. రికార్డు ఆరు శాతం వేగంగా తిరిగితే శ్రుతి అర స్వరం పెరుగుతుంది, జి మైనర్ కాస్తా జి షార్ప్ మైనర్ అవుతుంది. వాయిద్య జాజ్‌లో అలాంటి అరుదైన కీ కనబడితే ముందు కాపీని అనుమానించండి. ఎవరో అప్‌లోడ్ చేసిన వీడియోల్లో ఇది మామూలే. అదే రికార్డు కంపెనీ విడుదల చేసిన కాపీతో పోల్చి, నిడివి తేడా చూస్తే తేలిపోతుంది.

ఇంట్లో ఎల్పీలున్నవాళ్ళకు ఉప్పుగాలి శత్రువు. రికార్డులు నిలువుగా, మూత ఉన్న పెట్టెలో, సిలికా జెల్ పొట్లాలతో పెట్టండి. పొట్లాలను వానాకాలంలో తరచూ ఆరబెట్టాలి. గాడుల్లో తెల్లటి బూజు కనబడితే పొడిగుడ్డతో రుద్దకండి, అది లోపలికి దిగుతుంది. మూడు వంతుల డిస్టిల్డ్ వాటర్‌కి ఒక వంతు ఐసోప్రొపైల్ ఆల్కహాల్ కలిపి, మైక్రోఫైబర్ గుడ్డతో గాడి తిరిగే దిశలోనే తుడవండి. పాత 78 స్పీడు లక్క రికార్డులకు మాత్రం ఆల్కహాల్ చుక్క కూడా తగలకూడదు, లక్క కరిగిపోతుంది.

ఈ పాట పూర్తయ్యాక 'బాడీ అండ్ సోల్' తీసుకోండి. జానీ గ్రీన్ 1930 నాటి ట్యూన్, అదీ 32 బార్లే, అవే పదహారు ఆవర్తనాలు. కోల్‌మన్ హాకిన్స్ 1939 అక్టోబరు 11న చేసిన రికార్డుతో మొదలుపెట్టొచ్చు. మూడు నిమిషాల్లో రెండు కోరస్‌లు, ట్యూన్‌ని మొదటి కొద్ది బార్లలోనే వదిలేస్తాడు. ఒకటే తేడా. తొమ్మిదో ఆవర్తనంలో షడ్జమే అర స్వరం పైకి జరిగిపోతుంది, పదమూడో ఆవర్తనానికి గాని తిరిగి రాదు. అక్కడ పాత షడ్జాన్ని పట్టుకుని వేలాడకుండా బాస్ వెంట వెళ్ళిపోవాలి.